సంతకం వాషింగ్టన్‌లో, గుబులు హైటెక్ సిటీలో

2025 సెప్టెంబర్ 19న ట్రంప్ కొత్త హెచ్‌-1బీ దరఖాస్తులపై లక్ష డాలర్ల ఫీజు విధిస్తూ సంతకం చేశారు. అమెరికా ఆశతో అప్పు చేసిన ఇళ్లలో గుబులు మొదలైంది.

హైదరాబాద్ ముస్లిం కుటుంబాలకు ఇది కొత్త కాదు. 2011లో సౌదీ ‘నితాఖత్’ తెచ్చి, కంపెనీలు తమ పౌరులకే ఇన్ని ఉద్యోగాలివ్వాలన్నప్పుడు పాతబస్తీ కూడా ఇలాగే కలవరపడింది.

వీసా బిగిస్తే పని ఆగిపోతుందా? కొంత ఇక్కడికే వస్తుంది. 1998లో సైబర్ టవర్స్‌ ప్రారంభమైన ఈ ప్రాంతంలో ఇప్పుడు మైక్రోసాఫ్ట్, అమెజాన్‌ల భారీ క్యాంపస్‌లున్నాయి. కానీ కోడ్ మనోళ్లు రాసినా, ఎవర్ని ఉంచాలో, ఎవర్ని తీసేయాలో తేల్చేది అమెరికా హెడ్డాఫీసులే. పని చోటు మారింది, పెత్తనం మారలేదు.

అందుకే పిల్లల భవిష్యత్తును ఒక్క దేశం వీసాకే ముడిపెట్టొద్దు.