తాడు కోసిన స్త్రీ

జపాన్ దర్శకుడు యసుజో మసుమురా 1961లో తీసిన ఒక చిత్రం పేరుకు ‘భార్య ఒప్పుకోలు’ అని అర్థం. ఈ శీర్షికలో సినిమా ప్రస్తావన ఏమిటని పాఠకులు ఆశ్చర్యపోవచ్చు. చూడమని సిఫారసు చేయటం లేదు. అందులోని విచారణ గురించే నా మాట.

ఒక ప్రొఫెసరు, ఆయన యువ భార్య అయాకో, వారికి పరిచయస్థుడైన ఒక యువకుడు ఒకే తాడు కట్టుకొని కొండ ఎక్కుతారు. భార్యాభర్తలు జారి గాలిలో వేలాడతారు. పైనున్న యువకుని బలం సడలుతూ ఉంటుంది. మధ్యనున్న అయాకో తన కింది తాడును కోసివేస్తుంది. భర్త మరణిస్తాడు. ఆయనకు జీవిత బీమా ఉన్నది. ఆ యువకునిపై ఆమెకు అనురాగమూ ఉన్నది. ఇంకేం, హత్యానేరం మోపబడింది.

ప్రాణాపాయంలో గత్యంతరం లేక చేసిన పనికి జపాన్ శిక్షాస్మృతి 37వ సెక్షన్ కొంత రక్షణ ఇస్తుంది. మన ఫిఖహ్ పండితులకూ ఈ చర్చ కొత్త కాదు. మునిగే ఓడలో నుండి ఒకరిని తోసివేస్తే మిగతావారు బతుకుతారనుకున్నా, అది ధర్మసమ్మతం కాదని ఇమామ్ గజాలీ ‘అల్ ముస్తస్ఫా’లో వ్రాశారు. అయితే ఇక్కడ తాడు కోయకపోయినా భర్త దక్కేలా లేడు. మా విద్యార్థుల ముందు పెడితే ఒక పూటంతా వాదించుకుంటారు!

విచారణ జరగవలసింది తాడు గురించి. పత్రికలవారూ, చూడవచ్చిన జనమూ తవ్వినది మాత్రం ఆమె మనసును. న్యాయస్థానం నిర్దోషి అన్నది. కాని ఆమె తన మనసులోని మాట చెప్పగానే, ఆమె వల్ల ప్రాణం దక్కిన ఆ యువకుడే ముఖం తిప్పుకున్నాడు. ఆమె విషం తీసుకున్నది. ఆత్మహత్య హరామ్, అందులో సందేహం లేదు. ఆమెను అక్కడిదాకా నెట్టినవారిని ఏ కోర్టూ పిలవలేదు.

శీలవతిపై నింద వేసి నలుగురు సాక్షులను తేలేనివారికి ఎనభై కొరడా దెబ్బలు విధించింది సూరహ్ నూర్. ఆపైన వారి సాక్ష్యం ఇక చెల్లదన్నది. హజ్రత్ ఆయిషా (రజి)పై కపటులు అపవాదు లేపినప్పుడు మదీనాలో దాదాపు నెల రోజులు ఆ మాటే నడిచింది. హజ్రత్ అబూ అయ్యూబ్ అన్సారీ (రజి) ఇంటికీ అది చేరింది. భార్య ఆ సంగతి ఎత్తగా, నీవైతే అలా చేసి ఉండేదానవా అని ఆయన అడిగారు. అల్లాహ్ సాక్షిగా చేయనన్నారామె. మరి ఆయిషా నీకన్నా ఉత్తమురాలు కదా అన్నారాయన. ఆ ఇంట్లో ఆ మాట అక్కడితో ఆగిపోయింది.