ఇజ్తిహాదు ద్వారము

భర్త దేశాంతరము పోయెను. ఏండ్లు గడచినను జాడ తెలియలేదు. అతడు జీవించియున్నాడో, మరణించినాడో చెప్పగలవారు లేరు. ఆ యిల్లాలి గతి యేమి? బ్రిటిషు పాలనలోని భారతదేశమున ఇది పండితుల ఊహలో పుట్టిన ప్రశ్న కాదు. ఈ దేశపు ముస్లిములలో అధికసంఖ్యాకులు అనుసరించు హనఫీ ధర్మశాస్త్రము ప్రకారము, భర్త వయస్సు మానవుని సహజాయుర్దాయమును దాటువరకు, అనగా ప్రసిద్ధమైన ఒక గణన చొప్పున అతనికి తొంబదియేండ్లు నిండువరకు, ఆమె వేచియుండవలెను. భర్త ఇంటనే యుండి క్రూరుడైనను, పోషింపకున్నను, ఆమె కోరికపై వివాహమును రద్దుచేయుటకు న్యాయాధికారికి దాదాపు అధికారము లేకుండెను. అందుచే కొందరు స్త్రీలు మిగిలిన ఒక్క మార్గమును పట్టిరి. తాము మతమును విడిచితిమని ప్రకటించిరి. మతము విడిచిన స్త్రీ వివాహము తనంతట రద్దగునని నాటి న్యాయస్థానములు అంగీకరించుచుండెను. మతమును కాపాడవలసిన శాస్త్రమే స్త్రీని మతము వెలుపలికి త్రోసినట్లయ్యెను.

ఇస్లాము, ఆధునికత అను రెండు మాటలను ఒకచోట చేర్చినంతనే వానిని ఎదురెదురుగా నిలచిన రెండు సేనలవలె భావించుట పరిపాటియైనది. ఒకవైపు మార్పును సహింపని పండితులు, మరియొకవైపు పాశ్చాత్యవిద్య నేర్చిన సంస్కర్తలు అని సామాన్యముగా వినవచ్చు వివరణము. జాడలేని భర్తకై వేచియున్న ఆ యిల్లాలి సమస్య ఎట్లు పరిష్కృతమైనదో పరిశీలించినచో ఈ చిత్రము నిలువదు. శతాబ్దమునకు పైగా ముస్లిము సమాజములను కలచుచున్న ప్రశ్న మరింత లోతైనది. గ్రంథమునకు అర్థము చెప్పు అధికారము ఎవరిది? చెప్పిన అర్థము సరియైనదో కాదో ఎవరియెదుట, ఏ విధముగ విచారింపవలెను?

పవిత్రగ్రంథమునందును ప్రవక్త సంప్రదాయమునందును స్పష్టమైన విధి కానరానిచోట, శాస్త్రజ్ఞుడైనవాడు స్వబుద్ధితో శ్రమించి నిర్ణయము చేయుటకు 'ఇజ్తిహాదు' అని పేరు. పూర్వాచార్యుల నిర్ణయమును అట్లే అనుసరించుట 'తక్లీదు'. సున్నీ ముస్లిములలో హనఫీ, మాలికీ, షాఫియీ, హంబలీ అను నాలుగు శాస్త్రశాఖలు స్థిరపడిన పిమ్మట ఇజ్తిహాదు ద్వారము మూతపడినదను మాట చిరకాలము ప్రచారమునందుండెను. అది ఎన్నడును నిజముగా మూతపడలేదనియు, నూతన నిర్ణయములు వెలువడుచునే యుండెననియు 1984లో వాయిల్ హల్లాక్ అను చరిత్రకారుడు వాదించెను. ఐనను పాఠశాలలలో సామాన్య విద్యార్థికి నేర్పినది అనుసరణమే. ఆవిరినౌకలు, వార్తాపత్రికలు, వలసపాలనము ముస్లిము దేశములలో ప్రవేశించినప్పుడు పూర్వగ్రంథములలో లేని ప్రశ్నలు వెల్లువగా వచ్చెను. 1903లో దక్షిణాఫ్రికాలోని ట్రాన్స్‌వాల్ నుండి ఒక ముస్లిము ఈజిప్టు ప్రధాన ముఫ్తీయైన మహమ్మద్ అబ్దుహ్‌ను అడిగిన ప్రశ్నలు ఇందుకు నిదర్శనము. ఐరోపీయుల టోపీని ధరింపవచ్చునా? క్రైస్తవులు వధించిన జంతువు మాంసమును తినవచ్చునా? రెండును చేయవచ్చునని అబ్దుహ్ సమాధానమిచ్చెను. టోపీకిని మతమునకును సంబంధమేమని నేటి విద్యార్థికి తోచవచ్చును. ఆనాడు మాత్రము కైరో పత్రికలలో పెద్ద దుమారము చెలరేగెను.

1929 జనవరిలో కవియు తత్త్వవేత్తయునైన మహమ్మద్ ఇక్బాల్ మద్రాసు ముస్లిము సంఘము ఆహ్వానముపై దక్షిణదేశమునకు వచ్చి, మద్రాసులోను, పిదప హైదరాబాదులోను ఉపన్యసించెను. ఇస్లామునందలి మతచింతనమును పునర్నిర్మించుట ఆ ఉపన్యాసమాల లక్ష్యము. 1930లో అది గ్రంథరూపమున వెలువడెను. అందలి ఆరవ ఉపన్యాసము ఇజ్తిహాదును గూర్చినది. పంజాబులో కొందరు ముస్లిము స్త్రీలు అవాంఛిత భర్తలనుండి విముక్తికై మతమును విడువవలసివచ్చుచున్నదని ఇక్బాల్ అందు ఆవేదనతో ప్రస్తావించెను. ఇజ్తిహాదు అధికారము ఒక్కొక్క పండితుని చేతినుండి ముస్లిముల శాసనసభకు మారవలెనని సూచించెను. సభ్యులకు శాస్త్రసూక్ష్మములు తెలియనిచో పొరపాట్లు జరుగవా యను ఆక్షేపణను తానే లేవనెత్తెను. ఉలేమాలు, అనగా శాస్త్రపండితులు, సభలో భాగమై స్వేచ్ఛాచర్చకు తోడ్పడవలెననియు, అంతకంటెను ముఖ్యముగ న్యాయశాస్త్రమును బోధించు పద్ధతియే మారవలెననియు ఆయన సమాధానము.

ఐతే ఆ స్త్రీల సమస్యకు శాస్త్రసమ్మతమైన మార్గమును చూపినవాడు ఇక్బాలువంటి ఆధునిక విద్యావంతుడు కాడు. ఆయన దేవ్‌బంద్ సంప్రదాయమునకు చెందిన నిష్ఠాపరుడు, హనఫీ పండితుడు అష్రఫ్ అలీ థాన్వీ. మదీనాలోని మాలికీ పండితుల అభిప్రాయములను తెప్పించుకొని, 1930ల ప్రారంభమున ఆయన ఈ విషయముపై ఒక గ్రంథమును ప్రకటించెను. కష్టకాలమున ఒక శాఖవారు మరియొక శాఖ విధిని స్వీకరింపవచ్చునను పూర్వసూత్రమే ఆయనకు ఆధారము. మాలికీ శాస్త్రము ప్రకారము జాడ తెలియని భర్తకై నాలుగేండ్లు వేచియుండిన చాలును. తరువాత కేంద్ర శాసనసభలో ఖాజీ మహమ్మద్ అహమ్మద్ కాజ్మీ ప్రతిపాదించిన బిల్లు 1939లో ముస్లిము వివాహముల రద్దు చట్టమైనది. భర్త జాడ నాలుగేండ్లు తెలియకున్నను, రెండేండ్లు పోషణ లేకున్నను, అతనికి ఏడేండ్లు లేక అంతకుమించిన కారాగారశిక్ష పడినను, అతడు క్రూరముగ ప్రవర్తించినను స్త్రీ విడాకులు కోరవచ్చును. మతము విడిచినంతమాత్రమున వివాహము రద్దు కాదనియు ఆ చట్టము నిర్దేశించెను. ముస్లిము న్యాయాధికారియే ఇట్టి వ్యాజ్యములను విచారింపవలెనని ఉలేమాలు కోరిరి. ఆ అంశము తొలగింపబడుటచే వారు అసంతృప్తి చెందిరి. చట్టము మాత్రము భారతదేశమున నేటికిని అమలులో నున్నది.

ఈ చరిత్రలో మూడు శక్తులు కలిసినవి. స్త్రీల ప్రత్యక్షానుభవము సమస్యను ఎత్తిచూపెను, సంప్రదాయము నెరిగిన పండితుడు మార్గమును చూపెను, బహిరంగచర్చ జరుపు సభ దానిని శాసనముగ చేసెను. వీనిలో ఏదియో యొకటి లోపించినప్పుడు ఏమి జరుగునో ఉత్తరాఫ్రికాలోని ట్యునీషియా చరిత్ర తెలుపును.

ట్యునిస్ నగరమందలి ప్రాచీన విద్యాపీఠమైన జైతూనాలో చదివిన తాహిర్ హద్దాద్ 1930లో షరియతును, సమాజమును, స్త్రీలను గూర్చి ఒక గ్రంథము ప్రకటించెను. బహుభార్యాత్వమును ఖురాను పరిమితము చేసినది దానిని క్రమముగ తొలగించుటకేయని, స్త్రీవిద్య అత్యవసరమని ఆయన వాదించెను. జైతూనా పండితులు ఆయనపై ఆగ్రహించిరి. బహిష్కృతుడై 1935లో హద్దాద్ మరణించెను. దేశము స్వతంత్రమైన కొలది మాసములకే, 1956 ఆగస్టు 13న, హబీబ్ బుర్గీబా ప్రభుత్వము కుటుంబస్మృతిని ప్రకటించి బహుభార్యాత్వమును నిషేధించెను. విడాకులు న్యాయస్థానములోనే జరుగవలెనని శాసించెను. భార్యలయెడ సమానన్యాయము చూపవలెనను నియమమును, అట్టి న్యాయము మానవునికి సాధ్యము కాదను ఖురాను హెచ్చరికను కలిపి చదివి ఈ నిషేధమును సమర్థించిరి. జైతూనా పండితులలోను కొందరు దీనిని బలపరచిరి.

అదే బుర్గీబా 1960లో మరియొక వ్యాఖ్యానము చేసెను. దారిద్ర్యముపై పోరాటము కూడ జిహాదే కనుక, శ్రామికులు రంజాను ఉపవాసములను విడువవచ్చునని ఆయన చెప్పెను. ప్రజలలో అధికులు దీనిని అంగీకరింపలేదు. వ్యాఖ్యాత ఒక్కడే, వాదపద్ధతియు ఇంచుమించుగ ఒక్కటే. మొదటిదాని వెనుక హద్దాద్ వంటివారి పాండిత్యమును, కుటుంబములలోని బాధయు కలవు. రెండవదాని వెనుక పాలకుని ఆర్థికప్రణాళిక తప్ప వేరొకటి లేకుండెను. 2011 విప్లవానంతరము అధికారమునకు వచ్చిన ఇస్లామీయ పక్షమైన అన్నహదా సైతము 1956 స్మృతిని రద్దు చేయబూనలేదు. ఐనను ఆ స్మృతి వారసత్వమున స్త్రీపురుషుల భాగములను సమానము చేయలేదు. సమానత్వమునకై తెచ్చిన బిల్లును 2018 నవంబరులో మంత్రివర్గము ఆమోదించెను. దానిని ప్రతిపాదించిన అధ్యక్షుడు ఎస్సెబ్సీ 2019 జూలైలో మరణించెను. బిల్లు చట్టము కాలేదు.

సంప్రదాయవాదుల భయమును ఇచ్చట న్యాయబుద్ధితో పరిశీలింపవలెను. గ్రంథమునకు ఎవరికి తోచిన అర్థమును వారు చెప్పినచో మతము పాలకుల సౌకర్యమునకు పనిముట్టగునని వారందురు. రంజాను ఉదంతము ఆ భయమునకు కొంత ఊతమిచ్చుచున్నది. శాస్త్రశిక్షణ లేనివారు ఒకటిరెండు వాక్యములను విడదీసి హింసను సమర్థించుటయు లోకము చూచినదే. 2014లో ఇరాకు, సిరియాలలో ఖిలాఫతును ప్రకటించుకొన్న సాయుధముఠా నాయకునికి ఆ సెప్టెంబరులో నూరుగురికి పైగా ముస్లిము పండితులు బహిరంగలేఖ వ్రాసిరి. అరబ్బీభాషాజ్ఞానము లేక, గ్రంథమునంతయు సమన్వయింపక తీర్పు చెప్పరాదని అందు వారు వాదించిరి. కాన శాస్త్రపాండిత్యము ప్రతిచోటను సంస్కరణమునకు అడ్డుగోడయని తలంచుట పొరపాటు.

మరి సంప్రదాయమును విడువక, నూతనార్థమును సాధించు పద్ధతి యేది? పాకిస్తానులో పుట్టిపెరిగిన ప్రాంతము గల ఫజ్లుర్ రహ్మాన్ (1919-1988) దీనికి స్పష్టమైన సమాధానమిచ్చెను. పాఠకుడు రెండు ప్రయాణములు చేయవలెనని ఆయన మతము. మొదట నేటికాలమునుండి ఖురాను అవతరించిన కాలమునకు పోయి, ఒక విధి ఏ పరిస్థితులలో, ఏ ఉద్దేశముతో వచ్చెనో గ్రహించి, అందలి నైతికసూత్రమును వెలికితీయవలెను. పిదప ఆ సూత్రముతో నేటికాలమునకు మరలివచ్చి, నేటి పరిస్థితులకు దానిని అన్వయింపవలెను. మొదటి ప్రయాణమునకు చరిత్రజ్ఞానము, రెండవదానికి వర్తమాన సమాజజ్ఞానము కావలెను. వీనిలో ఒకటి మాత్రమే తెలిసినవాడు సగముదారిలో నిలిచిపోవును.

ఈ పద్ధతిని బోధించినవానికి స్వదేశమున నిలువ నీడ దొరకలేదు. ఆక్స్‌ఫర్డులో ఇబ్ను సీనా తత్త్వముపై పరిశోధించిన ఆయన 1962 నుండి పాకిస్తాను ప్రభుత్వ ఇస్లామీయ పరిశోధనసంస్థకు సంచాలకుడుగ నుండెను. ఆయన గ్రంథమునందలి దివ్యవాణిని గూర్చిన అభిప్రాయములపై తీవ్రమైన ఆందోళన చెలరేగుటచే 1968లో రాజీనామా చేసి, అమెరికాకు పోయి షికాగో విశ్వవిద్యాలయమున అధ్యాపకుడయ్యెను. ఈజిప్టులో నస్ర్ హామిద్ అబూ జైద్‌కు కలిగిన కష్టము ఇంతకంటె దారుణము. ఖురాను మానవభాషలో, ఒక చారిత్రకకాలమున వెలువడినది కనుక భాషాశాస్త్రరీతులతో దానిని అధ్యయనము చేయవలెనని కైరో విశ్వవిద్యాలయాచార్యుడైన ఆయన చెప్పెను. 1995లో న్యాయస్థానము ఆయనను మతభ్రష్టునిగ నిర్ణయించి, ఆయన వివాహము చెల్లదనెను. తాను ముస్లిమునే యని ఆయన చెప్పుచునేయుండెను. భార్యయు ఆయనను విడువలేదు. ఇరువురును నెదర్లాండ్సులోని లైడెనుకు వెడలిరి. పంజాబులో స్త్రీలు వివాహబంధమును తెంచుకొనుటకు వాడుకొన్న శాస్త్రవిధియే కైరోలో దంపతులను వారి యిష్టమునకు విరుద్ధముగ విడదీయుటకు వినియోగపడెను.

భారతదేశమున ఇదే ప్రశ్న 2017 ఆగస్టు 22న మరల ముందుకు వచ్చెను. ఒక్కసారిగ ముమ్మారు తలాక్ చెప్పు ఆచారమును సుప్రీంకోర్టు 3-2 తీర్పుతో కొట్టివేసెను. ఆ మువ్వురిలో న్యాయమూర్తి కురియన్ జోసెఫ్, ఆ ఆచారము ఖురానుకే విరుద్ధము కనుక చెల్లదనెను. 2019 చట్టము దానికి మూడేండ్లవరకు శిక్షను విధించెను. తీర్పును హర్షించిన వారిలోను కొందరు శిక్షను ప్రశ్నించిరి. న్యాయస్థానము, పార్లమెంటు ఆచారమును తొలగింపగలవు. గ్రంథమును ఎట్లు చదువవలెనో బోధించు పని మాత్రము వాని చేతిలో లేదు.

ఆ పని పాఠశాలది. ఇక్బాలు చివరికి చేరినదియు ఇచ్చటికే. ఫజ్లుర్ రహ్మాన్ 1982లో ఇస్లామును, ఆధునికతను గూర్చి వ్రాసిన గ్రంథము ముఖ్యముగ విద్యను గూర్చిన గ్రంథమే. మదరసా విద్యార్థికి నేటి లోకము తెలియదు, ఆధునిక కళాశాల విద్యార్థికి సంప్రదాయము తెలియదు. రెండు విద్యలును ఒకదానినొకటి ఎరుగక ప్రక్కప్రక్కన నడచుచున్నవని ఆయన చింతించెను. 1918లో నెలకొన్న ఉస్మానియా విశ్వవిద్యాలయమున విజ్ఞానశాస్త్రములను ఉర్దూలో బోధించుచు, ఇస్లామీయ ధర్మశాస్త్రమునకును ఒక శాఖను ఏర్పరచిరి. అందు చదివిన మహమ్మద్ హమీదుల్లా ధర్మశాస్త్రమును, అంతర్జాతీయ న్యాయమును కలిపి అధ్యయనము చేసి, పిమ్మట పారిసులో స్థిరపడి 1959లో ఖురానును ఫ్రెంచిలోనికి అనువదించెను. రెండు విద్యలను ఒక్కచోట చేర్చుట అసాధ్యము కాదని ఈ ఉదాహరణము తెలుపును.

ఉపాధ్యాయునికి ఇందు గ్రహింపదగినది యొకటి కలదు. పూజ్యమైన గ్రంథమును గౌరవించుటయు, దాని అర్థమును ప్రశ్నించుటయు పరస్పరవిరుద్ధములని పిల్లలకు నేర్పినచో, వారు పెద్దవారైన పిదప గ్రంథమునైనను విడుతురు, ప్రశ్ననైనను విడుతురు. థాన్వీ గ్రంథమును విడువలేదు. మదీనాకు ఉత్తరము వ్రాసి మరియొక పండితుని అభిప్రాయమును అడిగెను. అట్లడుగుటవలననే ఎందరో స్త్రీలు తమ మతమును విడువకయే, తమ జీవితమును తిరిగి పొందగలిగిరి.