జ్యేష్ఠతను జాప్యము నిర్ణయింపరాదు

కేంద్ర న్యాయశాఖామాత్యులవారి సముఖమునకు విశాఖపట్టణమునుండి ఒక పౌరుడు నమస్కారపూర్వకముగా వ్రాయు బహిరంగ లేఖ.

ఆర్యా,

సీనియారిటీ యను మాట మా ఊరివారికి క్రొత్తది కాదు. ఓడరేవులోగాని ఉక్కు కర్మాగారములోగాని పనిచేయు మనిషి, తనకంటె ఒక్కదినము వెనుక చేరినవాడు జాబితాలో తనకు పైన కనబడినచో ఎంత కలతపడునో, ఆ కలత తీరుటకు ఎన్నియేండ్లు కోర్టుల చుట్టు తిరుగునో మేమెరుగుదుము. అట్టి తగవులను తీర్పవలసిన న్యాయమూర్తులకే, తమ దోషమేమియు లేకుండ, ఢిల్లీలో ఒక దస్త్రము కదలకపోయిన కారణముచేత జ్యేష్ఠతాభంగము కలుగుచున్నదని మనవిచేయుటకే ఈ లేఖ వ్రాయుచున్నాను.

న్యాయమూర్తుల వరుసను నిర్ణయించు అధికరణమేదియు రాజ్యాంగమున లేదు. ప్రమాణస్వీకారము చేసిన తేదీనిబట్టి, ఒకేనాడు చేసినవారైనచో వారిలో ముందువెనుకలనుబట్టి, ఆ వరుస ఏర్పడుచు వచ్చినది. హైకోర్టున ప్రధాన న్యాయమూర్తియు, ఆయన తరువాతి ఇరువురు జ్యేష్ఠులును కలిసియే కొలీజియము, సుప్రీంకోర్టున అయిదుగురు. కావున వరుస మారినచో మర్యాద మాత్రమే గాక, రేపటి న్యాయమూర్తులను ఎంపికచేయు చేతులే మారును.

ఈ వరుసలో ఒక్క మెట్టు విలువ యెంతటిదో తెలియుటకు, మా ఆంధ్ర విశ్వవిద్యాలయమున న్యాయశాస్త్రము చదివిన జస్టిస్ జాస్తి చలమేశ్వర్ గారి ఉదంతము చాలును. ఆయనయు జస్టిస్ దీపక్ మిశ్రా గారును 2011 అక్టోబరు 10న ఒకేనాడు సుప్రీంకోర్టున ప్రమాణము చేసిరి. వరుసలో మిశ్రా గారు ముందుండుటచేత 2017 ఆగస్టులో భారత ప్రధాన న్యాయమూర్తి పదవి వారిని వరించినది, చలమేశ్వర్ గారు 2018 జూన్‌లో రెండవ స్థానముననే విరమించిరి. అది ప్రభుత్వ జాప్యపు కథ కాదు. మిశ్రా గారు హైకోర్టున కూడ ముందు చేరినవారే. అయినను ఒక్కపూటలోని ముందువెనుకలకే ఇంతటి ఫలమున్నపుడు, నెలల తరబడి దస్త్రములను నిలిపినచో కలుగు ఫలమును వేరుగ చెప్పనేల?

జస్టిస్ కె.ఎం. జోసెఫ్ గారి విషయము మన తెలుగువారికి మరింత దగ్గరిది. 2016 ఏప్రిలులో ఉత్తరాఖండ్ రాష్ట్రపతి పాలనను అక్కడి హైకోర్టు ప్రధాన న్యాయమూర్తిగనున్న ఆయన ధర్మాసనము కొట్టివేసినది. మరుసటి నెలలో ఆయనను హైదరాబాదు హైకోర్టునకు బదిలీ చేయవలెనని కొలీజియము సిఫారసు చేసినది. ఔననిగాని కాదనిగాని సమాధానము రాలేదు. 2015 మే నుండి 2018 జూలై వరకు, మూడేండ్లకు పైగా, మన ఉమ్మడి హైకోర్టు తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తులతోనే కాలము గడిపినది. పిదప 2018 జనవరిలో సుప్రీంకోర్టునకు ఆయన పేరును, ఇందూ మల్హోత్రా గారి పేరును కలిపి పంపగా, ఏప్రిలులో ఆమె నియామకమును ఆమోదించి, ఆయన పేరును త్రిప్పిపంపినారు. కొలీజియము మరల పట్టుపట్టిన మీదట ఆగస్టు 7న ఆయన ప్రమాణము చేయగలిగెను గాని, అదేనాడు తనకు ముందు ప్రమాణము చేసిన ఇందిరా బెనర్జీ, వినీత్ శరణ్ గార్ల వెనుక మూడవవాడుగ నిలువవలసివచ్చెను. ఆయన పేరును త్రిప్పిపంపుటకు మీ శాఖ ఆనాడు చూపిన కారణములలో, అఖిలభారత జ్యేష్ఠతాక్రమమున ఆయన వెనుకనున్నారనుట ఒకటి. జ్యేష్ఠత పేరుతో ఆపి, ఆ ఆపుటచేతనే ఉన్న జ్యేష్ఠతను కూడ తగ్గించిన ఈ తర్కము నాకు అంతుపట్టలేదు.

కొలీజియమును వెనుకవేసుకొని వచ్చుట నా ఉద్దేశము కాదు. అక్కడను తలుపులు మూసియే మంతనములు జరుగును. కొలీజియమునకు బదులుగ తలపెట్టిన జాతీయ న్యాయనియామకముల కమిషనును 2015లో కొట్టివేసిన తీర్పులో ఒంటరిగా అసమ్మతి తెల్పినవారు చలమేశ్వర్ గారే. అట్టివారే 2018 మార్చిలో, నియామకములలో ప్రభుత్వము చేసికొనుచున్న జోక్యమును ఆక్షేపించుచు ప్రధాన న్యాయమూర్తికి లేఖ వ్రాసిరి. అభ్యర్థుల పూర్వాపరములను విచారించు హక్కు ప్రభుత్వమునకు కలదు, ఆక్షేపణ తెల్పు హక్కును కలదు. కాని ఆక్షేపింపక, అంగీకరింపక, మౌనముగ దస్త్రమును పట్టియుంచి, వెనుక వచ్చిన పేర్లను ముందునకు పంపు హక్కు ఏ శాసనమునను కానరాదు. 2021 ఏప్రిలులో సుప్రీంకోర్టు గడువులు విధించినది: మరల ఏకగ్రీవముగ సిఫారసు చేసిన పేరును మూడు నాలుగు వారములలో నియమింపవలెను. 2023 మార్చిలో మద్రాసు హైకోర్టు నియామకముల సందర్భమున, ముందు సిఫారసైనవారిని వెనుకటివారు దాటిపోవుట తీవ్రముగ చింతింపదగిన విషయమని కొలీజియమే తీర్మానమున వ్రాసికొనవలసివచ్చెను.

మా రేవు వెలుపల లంగరు వేసిన ఓడ, వచ్చి సిద్ధముగనున్నానని తెలిపిన వేళనుండి తన వంతు లెక్కింపుమని కోరును. పైలట్ ఆలస్యముగ వచ్చినాడని వంతు పోగొట్టుకొనుటకు ఏ ఓడ యజమానియు ఒప్పుకొనడు.

నే కోరునది స్వల్పము. కలిసి పంపిన పేర్లను కలిసియే ప్రకటింపుడు. ఏ పేరునైన ఆపదలచినచో గడువులోపల కారణమును వ్రాసి త్రిప్పిపంపుడు. అటుపిమ్మట ఆ పేరే స్థిరపడినచో, ప్రమాణము ఎన్నడు జరిగినను, వారికి తొలి సిఫారసునాటి వరుసయే దక్కునట్లు నియామక విధానపత్రమున ప్రధాన న్యాయమూర్తిగారి సమ్మతితో ఒక వాక్యము చేర్చుడు. ముప్పదియేడు పదవులు గల మా ఆంధ్రప్రదేశ్ హైకోర్టునుండి మీకు చేరబోవు తరువాతి జాబితాతోనే ఈ పద్ధతిని ఆరంభింపవలెనని ప్రార్థించుచున్నాను.

ఇట్లు,
విశాఖపట్టణ వాసి