కుచ్చిళ్ల చాటున బోదకాలు

దోమ అనగానే మలేరియా గుర్తొస్తుంది. సఖినేటిపల్లి వంటి కోనసీమ ఊళ్లలో బోదకాలు కూడా గుర్తొస్తుంది. మలేరియాకు కారణం కంటికి కనబడని ఏకకణ జీవి; బోదకాలుకు కారణం దారప్పోగులాంటి ఫైలేరియా పురుగు. మురుగునీటిలో పెరిగే క్యూలెక్స్ దోమ దాన్ని మోస్తుంది. మలేరియా జ్వరంతో బయటపడుతుంది. ఇది ఏళ్ల తరబడి లోపలే ఉండి కాలును వాపెక్కిస్తుంది.

2004లో జాతీయ కార్యక్రమం మొదలయ్యాక ఏడాదికోసారి డీఈసీ మాత్రలు పంచారు. అవి రక్తంలోని పిల్ల పురుగులను చంపుతాయి గాని ముదిరిన వాపును తీయలేవు. ఆ కాలును రోజూ సబ్బుతో కడిగి, తడి లేకుండా తుడిచి, ఎత్తులో పెట్టుకుని విశ్రాంతి తీసుకోమంటారు డాక్టర్లు. ఇంటి చాకిరీకీ వరినాట్లకీ మధ్య ఏ స్త్రీకి దొరుకుతుంది ఆ విశ్రాంతి? పెళ్లి కాదేమోనని, కాపురం చెడుతుందేమోనని కుచ్చిళ్లు దించి కాలు దాచుకోవడమే సమాజం ఆమెకు నేర్పింది.

రాష్ట్ర ప్రభుత్వం 2024లో నెలకు 10,000 రూపాయలకు పెంచిన బోదకాలు పింఛను రెండు కాళ్లూ నాలుగో దశకు చేరినవారికే. ఒక కాలు వాచి చేలో నిలబడలేని కూలి స్త్రీ ఈ లెక్కలోకి రాదు. రెండో కాలూ పాడయ్యేదాకా ఆగమనడం ఏం సంక్షేమం? ఆమె కోల్పోయిన పనిదినాలే కొలమానం కావాలి. మొదటి దశలోనే వైద్యం, సాయం ఆమె హక్కని మన సంఘాలు అడగాలి.