పాటల వరుస

పోయిన వస్తువు దొరికినప్పుడు కలిగే సంతోషం కన్నా, అది పోయిందని ఇన్నాళ్ళూ మనకు తెలియనే లేదన్న సిగ్గు ఒక్కొక్కసారి పెద్దది. నాకు ఇటీవల అటువంటి అనుభవం ఒకటి కలిగింది. పోయినది బంగారం కాదు, పొలం పత్రం కాదు. ఒక పాటల జాబితా. 118 పాటలు.

అది నాది కూడా కాదు. మా అక్కయ్యది. నాకన్న పదిహేడేళ్ళు పెద్దది. అమరావతిలో, అంటే అమరేశ్వరుని గుడి ఉన్న పాత అమరావతిలో, కృష్ణ ఒడ్డున ఆమె అత్తవారిల్లు. కడపటి రెండేళ్ళు ఆమెకు చూపు బాగా మందగించింది. పుస్తకం లేదు, టీవీ లేదు. మిగిలినది చెవి ఒక్కటే. రోజూ సాయంకాలం గుంటూరు నుంచి నేను ఫోను చేసేవాడిని. ఆమె ఒక పాట తలచుకొనేది. ఆ రాత్రి నేను దానిని వెదకి జాబితాలో చేర్చేవాడిని. మరునాడు ఉదయం మనవరాలు ఆ పాట ఆమెకు వినిపించేది. రోజుకు ఒకటి అనుకున్నాం గాని జ్ఞాపకం అంత క్రమంగా నడవదు. కొన్ని రోజులు మూడు పాటలు, కొన్ని వారాలు ఒక్కటీ లేదు. అలా రెండేళ్ళకు 118 అయినాయి. తరువాత ఆమె లేదు.

పెద్దకర్మ నాటి ఫొటోలు బంధువులు పంపుతూ ఉంటే నా ఫోనులో చోటు చాలలేదు. ఏవేవో తీసివేస్తూ, ఫోనులో దిగుమతి అయి ఉన్న పాటలను మాత్రమే తీసివేస్తున్నాననుకొని, జాబితానే తొలగించాను. 'నిశ్చయమేనా?' అని అది అడిగే ఉంటుంది. నేను చదవకుండానే అవునన్నాను. విద్యార్థుల చేత ప్రశ్న రెండుమార్లు చదివించనిదే జవాబు రాయనీయని పంతులు చేసిన పని ఇది. కనుక ఇందులో ఏ సంస్థ తప్పూ లేదు. తప్పు నా వేలిది.

రెండవ మాసికం నాడు అమరావతి వెళ్ళాను. భోజనాలయ్యాక ఆమె పాటలు విందామని ఫోను తెరిస్తే జాబితా లేదు. తీసివేసి అప్పటికి 48 రోజులు. నా ముఖం చూసి ఆ మనవరాలే, 'తాతయ్యా, కంగారుపడకండి, తొంభై రోజులలోపైతే వస్తుంది' అన్నది. వచ్చింది.

ఈ సంగతి మనలో చాలామందికి తెలియదని తోచి, ముందు దానిని వివరిస్తాను. స్పాటిఫైలో తొలగించిన జాబితాను తొంభై రోజుల దాకా తిరిగి తెచ్చుకోవచ్చును. పాటలు వినే తెర మీద ఈ దారి వెదకకండి. బ్రౌజరులో ఆ సంస్థ వెబ్‌సైటుకు పోయి, మన ఖాతా పుట తెరిస్తే, జాబితాలను తిరిగి పొందే లంకె ఒకటి ఉంటుంది. అక్కడ తొలగించిన జాబితాల పేర్లు, తొలగించిన తేదీలు కనిపిస్తాయి. కావలసినదానికి ఎదురుగా ఉన్న మీట నొక్కితే అది మన జాబితాల సరసన మళ్ళీ చేరుతుంది. గడువు దాటితే మాత్రం రాదు. జాబితా లోపలి నుంచి విడిగా తీసివేసిన పాట కూడా ఈ దారిన రాదు. మొత్తం జాబితా పోయినప్పుడే ఈ మార్గం. యూట్యూబులో ఈపాటి అవకాశం కూడా లేదు. అక్కడ తొలగించిన జాబితా పోయినట్లే. అయితే ఈ రెండుచోట్లా మన సమాచారమంతా ఒక దస్త్రంగా దించుకొనే వీలు ఉన్నది. ఆ దస్త్రంలో జాబితాలూ వస్తాయి. ఆ పని పోకముందు చేయాలి, పోయిన తరువాత కాదు.

ఇంతవరకూ పనికివచ్చే మాట. ఇక నేను చెప్పదలచిన మాట.

ఈ సంగతి విన్న మిత్రుడొకరు, 'ఇంత ఆరాటం ఎందుకండీ? పాటలన్నీ అక్కడే ఉంటాయి కదా. మళ్ళీ వెదికి చేర్చుకుంటే సరి' అన్నారు. సబబైన మాటలాగానే వినబడుతుంది. నేనూ ఒక పూట అలాగే సమాధానపడదామని చూశాను. కుదరలేదు. ఎందుకు కుదరలేదో ఆలోచిస్తే, ప్లేలిస్టు అనే మాటకు మనం వాడుతున్న 'జాబితా' అన్న మాటే చాలదనిపించింది. కిరాణా సరుకులకైతే జాబితా సరిపోతుంది. కందిపప్పు ముందు రాసినా చింతపండు ముందు రాసినా నష్టం లేదు. పాటలకు కావలసిన మాట మన భాషలో వేరే ఉన్నది. వరుస.

వరుస అంటే క్రమం. వరుస అంటే పాట నడిచే బాణీ కూడా. పాటకు వరుస కట్టారంటాం. వరుస అంటే చుట్టరికం. ఆమె నీకు ఏ వరుస అని అడుగుతాం. ఈ మూడు అర్థాలూ ఒక్క మాటలో ఇమిడి ఉండటం నిఘంటువులో ముప్పై ఏళ్ళుగా చూస్తూనే ఉన్నాను. అక్కయ్య పాటలు పోయి దొరికేదాకా దాని బరువు నాకు తెలియలేదు.

ఆమె వరుస చూడండి. సుబ్బులక్ష్మి గారి వేంకటేశ్వర సుప్రభాతం తరువాత 'మల్లీశ్వరి'లోని పాట ఒకటి. వాటికి ఏమి సంబంధమని అడిగాను. 'సుప్రభాతం అయ్యేసరికి మీ బావగారు పొలానికి పోయేవారు, అప్పుడు నేను పాడుకొనేది ఇదీ' అన్నది. కరుణశ్రీ గారి 'పుష్పవిలాపం' ఘంటసాల గొంతులో. దాని వెనుకనే జాషువగారి శ్మశానవాటి పద్యాలు. సత్యహరిశ్చంద్ర నాటకం కాటిసీనులో ఆ పద్యాలు చేర్చి పాడటం మన వైపు ఆచారమే. ఆమె మామగారు పత్తి అమ్మిన సొమ్ముతో ఆ నాటకం ఆడించిన రాత్రి, తెల్లవారితే గుడికి పూలు కోయవలసి ఉండి, కోయలేక ఊరకున్నదట. ఏ సంవత్సరపు పాట, ఏ రాగం, ఎవరి సంగీతం అని చూసేవారికి ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టాలని తోచదు.

17వ పాట 'మాయాబజారు'లోని పడవపాట. 63వ పాటా అదే. రెండవసారి చేర్చబోతే, ఇది ఇదివరకే ఉన్నదని యంత్రం హెచ్చరించింది. నేనూ అదే మాట ఆమెతో అన్నాను. 'ఉండనీరా. మొదటిది పెళ్ళికి ముందు చూసినప్పటిది. రెండవది ఆ తరువాత టూరింగు టాకీసులో చూసినప్పటిది. అప్పుడు నువ్వు నా ఒళ్ళో నిద్రపోతున్నావు' అన్నది. యంత్రం లెక్కలో అది ఒకటే పాట. ఆమె లెక్కలో రెండు. నాకు సంబంధించినంతవరకు ఆ 63వ పాట మరెక్కడా దొరకదు.

కనుక వెదికితే పాటలు దొరుకుతాయన్నది నిజమే గాని, వరుస దొరకదు. పాటలు దొరకటం కూడా మనకు అంత సులభం కాదు. ఈ సేవలలో తెలుగు పాటల పేర్లు అధికభాగం రోమను లిపిలో ఉంటాయి. దీర్ఘమెక్కడో, ఒత్తెక్కడో ఎవరికి తోచినట్లు వారు రాసినవి. పద్యాలైతే మరీ కష్టం. పూర్వపు కావ్యముద్రణలలో చివర అకారాది పద్యసూచిక ఉండేది. అటువంటి సాయం ఇక్కడ లేదు. అక్కయ్య చెప్పిన పద్యం ఒకదానికై నాలుగు రాత్రులు వెదికాను.

మా గుంటూరు వారికి ఇంకొక పోలిక చెబితే సులభంగా బోధపడుతుంది. మిరప రైతు ధర లేనప్పుడు టిక్కీలను కోల్డ్ స్టోరేజీలో పెట్టి రసీదు తెచ్చుకుంటాడు. సరుకు అక్కడ ఉన్నా, తనది. రసీదు తన పెట్టెలో ఉంటుంది. పాటల సేవల వ్యవహారం దీనికి తలక్రిందులు. సరుకు మనది కాదు, వారిదీ పూర్తిగా కాదు. హక్కులు గల కంపెనీ ఇచ్చినంత కాలం ఉంటుంది. మన చేతి పని అయిన రసీదు ఒక్కటే మనది. దానిని కూడా తెచ్చి గిడ్డంగిలోనే ఉంచుతున్నాం.

గిడ్డంగులు శాశ్వతం కావు. గూగుల్ ప్లే మ్యూజిక్ 2020 చివరికి మూతపడింది. తన వింక్ మ్యూజిక్‌ను మూసివేస్తున్నట్లు ఎయిర్‌టెల్ 2024 ఆగస్టులో ప్రకటించింది. 2023 మార్చిలో ఒప్పందం కుదరక జీ మ్యూజిక్ వారి పాటలు స్పాటిఫైలో లేకుండా పోయి, తరువాత మళ్ళీ వచ్చాయి. మైస్పేస్‌లో 2003 నుంచి పన్నెండేళ్ళపాటు జనం దాచుకొన్న సంగీతం సర్వర్ల మార్పిడిలో పోయిందని 2019లో లోకానికి తెలిసింది. అక్కయ్య వరుసలోనే ఆరు పాటలు ఇప్పుడు మసకబారి ఉన్నాయి. పేరు కనిపిస్తుంది, పాట పలకదు.

ఆ మధ్యాహ్నం వరుస దొరికాక మనసు కుదుటపడి, మహాచైత్యం దిబ్బ వైపు నడిచాను. కాలిన్ మెకంజీ ఈ దిబ్బను 1797లో తొలిసారి చూశాడు. 1816లో మళ్ళీ వచ్చేసరికి దిబ్బ నడుమ చెరువు తవ్వి ఉన్నది. రాళ్ళు ఇళ్ళకు, మెట్లకు పోయాయి. కొన్ని సున్నపు బట్టీలలో కాలిపోయాయి. అప్పుడు ఆయనా, ఆయన సహాయకులూ కూర్చుండి మిగిలిన పలకలకు బొమ్మలు గీశారు, స్తూపం కొలతలు రాశారు. నేడు పలకలు కొన్ని చెన్నై మ్యూజియంలో, కొన్ని లండనులో, కొన్ని ఇక్కడే ఉన్నాయి. ఎన్నో లేనే లేవు. లేని వాటిని గురించి మనకు తెలుస్తున్నదంటే ఆ కాగితాల చలవే. వస్తువు పోతే వరుస మిగిలింది.

దీనికి ఎదురు ఉదాహరణ అన్నమయ్య. తిరుమల భాండారంలో రాగిరేకులు దొరికాయి. పాట ఉన్నది, పైన రాగం పేరు ఉన్నది. పాడిన వరుస మాత్రం చాలావాటికి లేదు. రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ గారి వంటివారు మళ్ళీ కట్టవలసి వచ్చింది. చెక్కినవారు శ్రద్ధ లేనివారు కారు. అంత ఖర్చుపెట్టి రాగి మీద చెక్కించారు. వరుస అందరి నోటా ఉన్నదే కదా, ఎక్కడికి పోతుందిలే అనుకొని ఉంటారు. మనమూ ఇప్పుడు అలాగే అనుకుంటున్నాం.

తొంభై రోజుల గడువు ఇచ్చిన సంస్థను నేను మెచ్చుకుంటాను. తుడిచివేతకు, మరపుకు మధ్య అంత ఎడం ఇవ్వడం మర్యాద. అయితే ఆ గడువు ఉన్నదన్న మాట తొలగించే క్షణాననే, తొలగించేవాని భాషలో చెప్పాలి. ఖాతా పుటలో మూలన ఉన్నదని పిల్లలు చెబితే గాని తెలియకపోతే, అది ఇచ్చీ ఇవ్వనట్లే. ఇంటిలో మరణం జరిగినవారికి తొంభై రోజులు ఎలా గడుస్తాయో అనుభవించినవారికి తెలుసు. నాకు రెండవ మాసికం నాడు బుద్ధి పుట్టింది. నాలుగవ మాసికం నాడు పుట్టి ఉంటే ఈ కథ వేరుగా ఉండేది. కనీసం ఏడాది గడువు ఉండాలని నా అభిప్రాయం. మన ఆచారంలో దుఃఖానికి ఇచ్చిన గడువూ ఏడాదే. ఏ జాబితానైనా ఒక్క మీటతో కాగితం మీద అచ్చువేసుకొనే వీలు కూడా ఉండాలి.

అవి వారు చేయవలసినవి. మనం చేయవలసినది చిన్నది. నేను ఒక లాంగు నోటుపుస్తకం కొని 118 పాటలనూ ఆ వరుసలోనే చేతితో రాశాను. మొదటి గడిలో సంఖ్య, రెండవ దానిలో పాట, మూడవ దానిలో అక్కయ్య ఫోనులో చెప్పిన మాట. మూడవ గడి నింపేటప్పుడు తెలిసింది, ఆమె చెప్పినవాటిలో సగం అప్పుడే మరచిపోయానని. ఏ ఖాతా పుట తెరిచినా అవి రావు.

పదేళ్ళుగా, ఇరవై ఏళ్ళుగా తెలుగును తెర మీదకు తెస్తున్న మీకు నా మనవి ఇది. మీ ఇంట పెద్దవారుంటే ఈ సాయంత్రం ఒక పాట అడగండి. దాని తరువాతది ఏమిటని అడగండి. ఆ తరువాత ఎందుకు అని అడగండి. అడిగింది అడిగినట్లు కాగితం మీద రాసి ఉంచండి. తీసివేసిన జాబితాకు తొంభై రోజుల గడువైనా ఉన్నది. మనుషులకు అదీ లేదు.