కొడవలి మీద ఈగలు

సెలవులకు పిల్లలు ఇంటికి చేరితే టెలివిజను పెట్టె వాళ్ల ఏలుబడిలోకి పోతుంది. మొన్న సంక్రాంతికి మా చేజర్ల ఇంట్లో మూడు తరాలవాళ్లమూ కూర్చుని చూసిన బొమ్మ తెలుగుదీ కాదు, హిందీదీ కాదు, చైనాది. పేరు ‘డిటెక్టివ్ డీ’. 2010లో సుయ్ హార్క్ అనే దర్శకుడు తీశాడు. ఆండీ లౌ కథానాయకుడు. వూ జెతియాన్ అనే రాణి సింహాసనం ఎక్కబోతూ ఉంటుంది. ఆకాశమంటే బుద్ధవిగ్రహం ఒకటి కడుతూ ఉంటారు. అక్కడి అధికారులు ఉన్నవాళ్లు ఉన్నట్టే లోపలినుంచి మంటలు పుట్టి భస్మమైపోతూ ఉంటారు. ఈ చిక్కు విప్పడానికి ఎనిమిదేళ్లుగా చెరలో ఉన్న డీ అనే న్యాయాధికారిని విడిపించి తీసుకువస్తారు. ఆపైన కత్తులు గాలిలో ఎగురుతాయి, మనుషులు గోడల మీద నడుస్తారు, జింక మాట్లాడుతుంది. మా అమ్మ కళ్లజోడు సవరించుకొని, “ఇది మన విఠలాచార్య బొమ్మే గదరా! కాంతారావు ఒక్కడే తక్కువ” అన్నది. ఇంతకన్న మంచి విమర్శ ఏ పత్రికలోనూ నేను చదవలేదు.

ఆ డీ కల్పిత పాత్ర కాడు. డీ రెన్‌జియే 630లో పుట్టి 700లో పోయిన మనిషి. న్యాయస్థానంలో ఒక్క సంవత్సరంలోనే 17,000 మందికి సంబంధించిన వ్యాజ్యాలు తేల్చాడనీ, అన్యాయం జరిగిందని తిరిగి మొర పెట్టుకొన్నవాడు లేడనీ చైనా చరిత్రకారులు రాసిపెట్టారు. అంకెలో కొంత భక్తి కలిసి ఉండవచ్చు. తరవాత వేయేళ్లకు అతని మీద కథలు అల్లారు. అటువంటి నవల నొకదానిని వాన్ గూలిక్ అనే డచ్చి రాయబారి 1949లో ఇంగ్లీషు చేశాడు. అక్కడినుంచి డీ దేశదేశాలు తిరిగాడు. మనకు మర్యాద రామన్న ఎటువంటివాడో వాళ్లకు ఇతడు అటువంటివాడు. (మర్యాద రామన్న అనగానే మా నెల్లూరు జిల్లావాళ్లకు ఇంకొక సంగతి గుర్తుకు వస్తుంది. పద్మనాభం నిర్మించిన ‘శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న’ 1967లో వచ్చింది. మా జిల్లాలో పుట్టిన బాలసుబ్రహ్మణ్యం సినిమాలకు మొట్టమొదట గొంతు ఇచ్చింది అందులోనే.)

అయితే డీ జీవితంలో సినిమావాళ్లు పట్టుకోని ఘట్టం ఒకటి ఉన్నది. నాకు జింక కన్నా, మంటల కన్నా అదే ముఖ్యమనిపిస్తుంది.

692లో లై జున్‌చెన్ అనే అధికారి డీ మీద రాజద్రోహం మోపి చెరలో పెట్టాడు. ఈ లై ఎటువంటివాడంటే, నిరపరాధులమీద నేరం అల్లడం ఎట్లాగో చెప్పే గ్రంథం అతని పేరిట ప్రచారంలో ఉన్నది! చెరలో పడిన డీ ఏమి చేశాడు? వాదించలేదు. అడగగానే “అవును, ద్రోహం చేశాను” అని ఒప్పుకొన్నాడు. ఒప్పుకొన్నందువల్ల కొరడాలు తప్పాయి, కావలి సడలింది. అప్పుడు దుప్పటి గుడ్డ చింపి దానిమీద తన మొర రాసి, దూది పెట్టి కుట్టిన చలికోటులో దాచి, “ఎండలు వచ్చాయి, ఈ దూది తీయించండి” అని ఇంటికి పంపించాడు. కొడుకు చేతికి ఉత్తరం చిక్కింది, రాణిదాకా పోయింది. ఆమె పిలిపించి, నేరం చేయకపోతే ఎందుకు ఒప్పుకొన్నావని అడిగింది. ఒప్పుకోకపోతే ఆ దెబ్బలకు ఎప్పుడో చచ్చి ఉండేవాడినన్నాడు డీ. తల దక్కింది కాని హోదా పోయింది. ఎక్కడో చిన్న తాలూకాకు అధికారిగా పంపారు.

వేలమంది నేరాలు విచారించినవాడు ఇతడు. చెరలో ఒప్పుకోలు అనే మాటకు ఎంత విలువ ఉంటుందో ఇతనికన్న ఎక్కువ తెలిసినవాడు ఎవడు?

చిత్రమేమిటంటే ఆ కాలపు చైనా ధర్మశాస్త్రం ఒప్పుకోలు మీదనే నిలబడి ఉండేది. ఒప్పుకోలు రాబట్టడానికి కొట్టవచ్చు. కాని దానికీ లెక్క ఉన్నది. మూడుసార్లకు మించరాదు, అన్నీ కలిసి రెండువందల దెబ్బలు దాటరాదు. లెక్క పెట్టి కొడితే అది ధర్మం!

మనవాళ్లకు ఈ సంగతి తెలియనిది కాదు. భారతం ఆదిపర్వంలో మాండవ్యుని కథ మీరందరూ ఎరిగినదే. దొంగలు సొమ్ము తెచ్చి ఆశ్రమంలో దాచారు, రాజభటులు మునిని కూడా పట్టుకొన్నారు, మౌనవ్రతంలో ఉన్న ముని మాట్లాడలేదు, శూలాన వేశారు. ఆ ముని శాపం వల్లనే యమధర్మరాజు విదురుడై పుట్టాడు. కౌటిల్యుడు ఇదే మాండవ్యుణ్ణి అర్థశాస్త్రంలో తలుచుకొన్నాడు. కాని కథ మారింది. అక్కడి మాండవ్యుడు మౌని కాడు. హింసకు భయపడి, దొంగ కాకపోయినా దొంగనేనని చెప్పినవాడు. అందుచేత సాక్ష్యం పూర్తిగా దొరికితేనే శిక్షించాలని కౌటిల్యుని తీర్పు. ఆయన హింసను మానుకోమనలేదు, దాని రకాలు కూడా వరసగా చెప్పాడు. అయినా మాండవ్యుని పేరు ఆ పుటలోనే ఎత్తాడు. అనుమానాస్పదంగా చచ్చిన శవానికి నూనె రాసి పరీక్షించాలనే అధ్యాయం కూడా ఆయనదే.

శవపరీక్షకు చైనాలో ప్రత్యేక గ్రంథమే ఉన్నది. 1247లో సుంగ్ త్సు అనే న్యాయాధికారి రాశాడు. పేరుకు అర్థం నిందలు కడిగివేయడమని. అందులో ఒక కథ మా పెన్న ఒడ్డున జరిగిందన్నా నమ్మవచ్చు. బాట పక్కన ఒక మనిషి చచ్చి పడి ఉన్నాడు. ఒంటినిండా కొడవలి గాట్లు. ఒంటిమీద వస్తువులు మాత్రం ఉన్నవి ఉన్నట్టే ఉన్నాయి. దొంగల పని కాదు, పగ ఉన్నవాడి పని అనుకొన్నాడు విచారణాధికారి. భార్యను అడిగితే పగవాళ్లు ఎవరూ లేరనీ, ఈమధ్య ఒకడు అప్పు అడిగితే ఇవ్వలేదనీ చెప్పింది. అధికారి ఆ మనిషిని పట్టుకొని కొట్టలేదు. చుట్టుపక్కల వాళ్లందరినీ వాళ్ల వాళ్ల కొడవళ్లు తెమ్మన్నాడు, దాచినవాడే హంతకుడన్నాడు. డెబ్బయి ఎనభై కొడవళ్లు నేలమీద పరిచారు. మంచి ఎండ. కాసేపటికి ఈగలు వచ్చి ఒకే ఒక్క కొడవలి మీద వాలాయి. అది అప్పు దొరకనివాడిదే. ఎంత కడిగినా నెత్తురు వాసన ఈగకు తెలుస్తుంది. అప్పుడుగాని వాడు తల నేలకు కొట్టుకొని ఒప్పుకోలేదు.

మన దేశానికి వద్దాం. 1443లో విజయనగరం చూసిన అబ్దుర్ రజాక్, నగరంలో 12,000 మంది రక్షకభటులున్నారనీ, పోయిన సొత్తు పట్టి ఇవ్వకపోతే జరిమానా వాళ్లే కట్టుకోవాలనీ రాశాడు. ఊళ్లలో తలారిదీ ఇదే పని. కళ్లంలో తన మేర కొలిపించుకొనేవాడు, దొంగతనం జరిగితే జవాబు చెప్పుకొనేవాడు. తరవాత దాదాపు వందేళ్లకు వచ్చిన నూనిజ్ అనే పోర్చుగీసు గుర్రాల వర్తకుడు ఇంకొక మాట చేర్చాడు. దొంగ ఊళ్లో ఉన్నాడో దాటిపోయాడో ఇక్కడి మంత్రగాళ్లు చెప్పేస్తారట!

ఆ విద్య నా చిన్నతనందాకా బతికే ఉన్నది. దాని పేరు అంజనం. మా వీధిలో ఒకరింట ముక్కుపుడక పోయింది. తమలపాకు మీద కాటుక పూసి ఒక పసివాడిచేత చూపించారు. వాడికి ఎర్రచీర కనిపించింది. ఆ ఇంట అంట్లు తోమే మనిషికి ఉన్నది ఒక్కటే చీర, అది ఎర్రది. నాలుగు రోజులకు పుడక బియ్యపు డబ్బాలో దొరికింది. పనిమనిషి మాత్రం మళ్లీ ఆ గడప తొక్కలేదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకొన్నాడని సామెత చెప్పి నవ్వుకొంటాం గాని, దొంగ కానివాడు కూడా భయంతో తడుముకొంటాడని ఎవరూ చెప్పరు.

తెల్లవాళ్ల ఏలుబడిలో అంజనం పోయి కర్ర వచ్చింది. మద్రాసు రాజధానిలో పన్ను రాబట్టడానికీ, నేరం ఒప్పించడానికీ చేస్తున్న హింస మీద వేసిన సంఘం 1855లో నివేదిక ఇచ్చింది. వేళ్లను కర్రల మధ్య పెట్టి నొక్కడం, మెడకూ కాలి బొటనవేలికీ తాడు కట్టి ఎండలో వంచి నిలబెట్టడం, అన్నీ అందులో ఉన్నాయి. 1859లో కొత్త పోలీసు చట్టం వచ్చింది. తరవాత అసలు విచారణతోనే పని లేని ఉపాయం ఒకటి కనిపెట్టారు. కులాలకు కులాలనే పుట్టుకతో నేరస్థులని జాబితా కట్టడం. 1911 చట్టం కింద మా జిల్లా కావలిలోనే అమెరికన్ బాప్టిస్టు మిషన్ వారి నిర్వహణలో ఎరుకలవారికి సెటిల్‌మెంటు నడిచింది. పసిబిడ్డకు కూడా ఆ ముద్ర తప్పలేదు. మద్రాసు రాష్ట్రంలో ఆ చట్టం 1947లో పోయింది, దేశమంతటా 1952లో పోయింది. ముద్ర అంత తొందరగా పోలేదు.

పోలీసులకు చెప్పిన ఒప్పుకోలు ముద్దాయి మీద రుజువుగా పనికిరాదనే నియమం 1872 సాక్ష్యచట్టంలో 25వ సెక్షను. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలో అది 23వ సెక్షనులోకి వచ్చింది. ఒక్క మినహాయింపు ఉన్నది. కస్టడీలో ఉన్నవాడు చెప్పిన మాటవల్ల ఏదైనా వస్తువు బయటపడితే, ఆ వస్తువుకు సంబంధించినంతవరకు ఆ మాట వినవచ్చు. అంటే కొడవలి దొరకాలి. ఈ సంగతి తరగతిలో అడిగి చూశాను. నలభైమందిలో ఇద్దరికి తెలుసు. తక్కినవాళ్లంతా “నిందితుడు నేరం అంగీకరించాడు” అని పత్రికలో చదివిన రోజునే తీర్పు అయిపోయిందనుకొంటున్నారు.