అద్దం కడిగే నీళ్ల గురించి రవాణా కమిషనర్ గారికి

ఆంధ్రప్రదేశ్ రవాణా కమిషనర్ గారికి,

బండి ముందు అద్దం మీద చిమ్ముకునే నీళ్ల కోసం కమిషనర్‌కు ఉత్తరమా అని ఇంట్లోవాళ్లు నవ్వారు. మీరు మాత్రం చివరిదాకా చదవండి.

కోతల రోజుల్లో ఒక సాయంత్రం గుంటూరు నుంచి మా పొన్నూరుకు రండి. పొలంలోంచి రోడ్డెక్కిన ట్రాక్టర్లు నల్లమట్టి పెళ్లలు తారు మీద వదిలిపోతాయి, వెనక వచ్చే లారీలు వాటిని పిండి చేసి లేపుతాయి. లైట్లు వేసే వేళకు పురుగులు వచ్చి అద్దానికి కొట్టుకుని చితుకుతాయి. ఆ జిగురు మీద దుమ్ము. పొడిగా వైపరు వేస్తే రెండింటినీ కలిపి పులుముతుంది. ఎదురు బండి లైటు పడగానే అద్దమంతా తెల్లబడిపోతుంది. నీళ్ల కోసం మీట నొక్కితే మోటారు గుయ్యిమంటుంది గానీ చుక్క రాదు. ఉప్పు బోరునీళ్లు పోసీ పోసీ సన్నటి రంధ్రంలో తెల్లటి గార పట్టి ఉంటుంది.

బోరునీళ్లలో ఒక షాంపూ ప్యాకెట్టు పిండటం మనవాళ్ల చిట్కా. నురగ ఆరి చారలు మిగులుతాయి. అంతటితో పోతే ఈ ఉత్తరం రాసేవాణ్ని కాదు. లీజనేర్స్ అని ఒక రకం న్యుమోనియా ఉంది. అద్దం కడిగే నీళ్లుండే వాషర్ డబ్బాలో వట్టి నీళ్లు పోసుకునే డ్రైవర్లకు దాని ముప్పు ఎక్కువని బ్రిటన్ ప్రజారోగ్య పరిశోధకులు 2010లో తేల్చారు. ఇంగ్లండ్, వేల్స్ కేసుల్లో సుమారు ఐదో వంతుకు ఆ నీళ్లే కారణం కావచ్చని అంచనా వేశారు. అమెరికాలోని అరిజోనాలో స్కూలు బస్సుల డబ్బాలు పరీక్షిస్తే చాలావాటిలో ఆ జబ్బు తెచ్చే సూక్ష్మజీవి దొరికిందని 2014లో వెల్లడైంది. అది 20 నుంచి 45 డిగ్రీల నిలవనీటిలో పెరుగుతుంది. బానెట్ కింద మన నీళ్లు ఏడాదిలో ఎక్కువ రోజులు ఆ వేడిలోనే ఉంటాయి.

దుకాణంలో కొన్న వాషర్ ద్రవం సంగతి వేరు. సీలు విప్పని సీసా నీడపట్టున ఉంటే ఏళ్ల తరబడి నిలవుంటుంది. విప్పాక మూత సరిగ్గా బిగించకపోతే ఆల్కహాలు ఎగిరిపోయి రంగునీళ్లు మిగులుతాయి. అడుగున మడ్డి కట్టినా, వాసన మారినా పారబోయడమే. నీళ్లు కలిపింది సీసాల్లో దాచకూడదు, కలిపిన వెంటనే డబ్బాలో పోసి వాడెయ్యాలి.

చలిదేశాల్లో గడ్డకట్టకుండా మిథనాల్ కలుపుతారు. అది పన్నెండు డిగ్రీల దగ్గరే నిప్పంటుకునే ఆవిరి వదులుతుంది, కొద్దిగా తాగినా చూపు పోవచ్చు. అందుకే ఐరోపా సమాఖ్య 2018 నాటి నిబంధనతో, సామాన్యులకు అమ్మే వాషర్ ద్రవాల్లో మిథనాల్‌ను 0.6 శాతం లోపుకు కట్టడి చేసింది. నీళ్లు గడ్డకట్టడమే ఎరగని మా ఊళ్లో దాని పనేముంది? ఇక్కడ భయం మరోటి: మిగిలిన నీలం ద్రవాన్ని కూల్‌డ్రింకు సీసాలో పోసి సీటు కింద పడేస్తాం. దాహమేసిన పిల్లవాడికి అది ఏ ద్రవమో ఎలా తెలుస్తుంది?

1989 నాటి కేంద్ర మోటారు వాహన నిబంధనల్లో వైపరుకంటూ ఒక నిబంధన ఉంది, 101వది. అందుకే ఫిట్‌నెస్ పరీక్షలో వైపరు తిప్పించేటప్పుడు నీళ్ల మీట కూడా నొక్కించండి. తయారీ నెల, సంవత్సరం ప్యాకెట్ల మీద ఎలాగూ వేస్తారు, పక్కనే ఎన్నాళ్లలో వాడాలో, మిథనాల్ ఉందో లేదో తెలుగులో వేయించమని తూనికలు కొలతల శాఖకు ఒక మాట చెప్పండి. ఎల్‌ఎల్‌ఆర్‌కు వచ్చే కుర్రాళ్లకు బానెట్ ఎత్తించి వాషర్ డబ్బా ఏదో, కూలెంటు డబ్బా ఏదో చూపించండి. ఒకదాంట్లో పోయాల్సింది మరోదాంట్లో పోసేవాళ్లు తక్కువేం కాదు.

ఏటా జూన్‌లో బడులు తెరిచే ముందు స్కూలు బస్సుల తనిఖీ జరుగుతుంది కదా. ఈసారి ఆ బస్సుల్లో పాత నీళ్లు ఒంపించి, డబ్బాలు కడిగించి, కొత్త ద్రవం పోయించండి.

ఇట్లు,
పొన్నూరు వాసి